వేదనాయగం శామ్యూల్ అజరయ్య

వేదనాయగం శామ్యూల్ అజరయ్య (ఆగష్టు 17, 1874 - జనవరి 1, 1945) ఆంగ్లికన్ క్రైస్తవ సంఘంలో బిషప్పు పదవి పొందిన మొట్టమొదటి భారతీయుడు. 1912 డిసెంబరు నుండి మరణించే వరకు దోర్నకల్ అధ్యక్ష ఖండానికి బిషప్పుగా పనిచేసాడు. జన్మతః తమిళుడైనా జీవితంలో ఎక్కువ భాగం తెలుగు పల్లెల్లో గడపడం వలన తెలుగువారికి ఈయన బిషప్పు అజరయ్యగానే పరిచయం. సేవ చేసేవారి మధ్య తెల్లవారు, నల్లవారు అనే భేదాన్నీ, సేవ పొందేవారి మధ్య కులభేదాన్నీ తన ఆధీనంలోని సంస్థలలో తొలగించడానికి ప్రయత్నించాడు. మొదటి భేదం విషయంలో ఈయన చాలావరకు కృతకృత్యుడయ్యాడు. రెండవ దానిలో పాక్షికంగా మాత్రమే విజయం సాధించాడు.

దోర్నకల్ అప్పట్లో నిజాం రాజ్యంలో వరంగల్ ప్రాంతానికి చెందిన ఒక చిన్న రైల్వే కూడలి. సింగరేణి బొగ్గు గనులకు వెళ్ళే రైలుమార్గం ఇక్కడే చీలుతుంది. 2016 లో జరిగిన జిల్లాల పునర్వ్యవస్థీకరణ తరువాత ఇది మహబూబాబాదు జిల్లాలో ఉన్నది.

బాల్యం, విద్య

అజరయ్య తమిళనాడులోని తిరునెల్వేలి ప్రాంతంలో వెల్లాలన్‌విలై అనే గ్రామంలో జన్మించాడు. తండ్రి థామస్ వేదనాయగం ఆ గ్రామంలో క్రైస్తవ గురువు. తల్లి ఎలెన్. వీరిది నాడార్ కుటుంబం. ఆ రోజుల్లో ఈ కులాన్ని షానార్లు అనేవారు. తాటి చెట్లు గీచి జీవించే ఈ కులంవారిని పై కులాలవారు గుడులలోకి రానిచ్చేవారు కాదు. వారి స్త్రీలు పైవస్త్రం ధరించే హక్కు కోసం 19వ శతాబ్దంలో తిరువాన్కూరులో పెద్ద పోరాటమే జరిగింది. అజరయ్య పుట్టేనాటికి నాడార్లలో చాలామంది చదువుకొని, వ్యాపారాలలో స్థిరపడి పైకి వస్తున్నారు. వివక్షను ఎదుర్కొన్న కులం ఒక్క తరంలో ఎంత మారగలదో ఈయన చిన్నతనంలోనే కళ్ళారా చూసాడు. తరువాత దోర్నకల్‌లో ఈయన చేసిన పనికి ఈ అనుభవమే పునాది అని చెప్పవచ్చు.

తండ్రి చిన్ననాటనే మరణించగా తల్లి పెంపకంలో పెరిగాడు. మెజ్ఞానపురంలోని మిషన్ పాఠశాలలోను, తిరునెల్వేలిలోను, ఆపైన మద్రాసు క్రైస్తవ కళాశాలలోను చదివాడు. పాఠశాలలో ఉన్నప్పుడే, కులం పట్టింపు లేకుండా విద్యార్థులు కలిసిమెలిసి ఉండాలనే ఉద్దేశంతో ఒక సంఘం ఏర్పాటు చేయడంలో పాలుపంచుకున్నాడు. పట్టభద్రుడు కావలసిన సమయంలో అనారోగ్యం వలన గణిత పరీక్ష వ్రాయలేకపోయాడు. మళ్ళీ ఆ పరీక్షకు వెళ్ళలేదు. పట్టా లేని ఈయనకు 1920 లో కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయం గౌరవ డాక్టరేటు ఇచ్చింది.

1895 లో వై.ఎం.సి.ఏ.లో కార్యదర్శిగా చేరి 1909 వరకు దక్షిణ భారతమంతా తిరిగాడు. అమెరికా నుండి వచ్చిన షేర్‌వుడ్ ఎడ్డీ ఈ కాలంలో ఈయనకు సహచరుడు, సన్నిహిత మిత్రుడు. 1898 లో అన్బు మరియమ్మాళ్‌ను వివాహమాడాడు. దక్షిణ భారతదేశంలో కళాశాల చదువు చదివిన తొలి క్రైస్తవ స్త్రీలలో ఆమె ఒకరు.

స్వదేశీ సేవాసంస్థలు

1902 లో అజరయ్య సింహళంలోని జాఫ్నాకు వెళ్ళాడు. అక్కడి తమిళ క్రైస్తవులు తమ సొంత డబ్బుతో, తమ సొంత మనుషులతో ఒక సేవాసంస్థ నడుపుతుండటం చూసాడు. తిరునెల్వేలిలో అటువంటిది ఒక్కటి కూడా లేదని గుర్తించి, 1903 ఫిబ్రవరిలో మిత్రులతో కలిసి తిరునెల్వేలి భారతీయ మిషనరీ సంఘాన్ని స్థాపించాడు. విదేశీ ధనం తీసుకోరాదని, విదేశీయుల అజమాయిషీ ఉండరాదని ఈ సంఘం నియమం పెట్టుకున్నది. 1905 డిసెంబరు 25 న బెంగాలులోని శ్రీరాంపూర్‌లో, కె.టి.పాల్ మొదలైనవారితో కలిసి ఇదే పద్ధతిలో జాతీయ మిషనరీ సంఘాన్ని ప్రారంభించాడు. వంగ విభజన జరిగి స్వదేశీ ఉద్యమం ఊపందుకున్న సంవత్సరం అది. అప్పటి దేశ వాతావరణం నుండి ఈ సంఘాలను విడదీసి చూడలేము.

తిరునెల్వేలి సంఘం పనిచేయడానికి ఎంచుకున్న చోటు నిజాం రాజ్యంలోని దోర్నకల్ ప్రాంతం. ఇతరులను పల్లెలకు వెళ్ళమని ప్రోత్సహిస్తూ తాను మాత్రం పట్టణంలో ఉండటం అజరయ్యకు నచ్చలేదు. 1909 లో వై.ఎం.సి.ఏ. ఉద్యోగం వదలి, గురుత్వం స్వీకరించి, భార్యాబిడ్డలతో దోర్నకల్ వచ్చాడు. అప్పటికి ఈయన వయసు 35. మొదట కొంతకాలం డేరాలోనే కాపురం. తెలుగు అక్షరమాల దగ్గర నుండి నేర్చుకొని, పల్లెజనానికి అర్థమయ్యే తెలుగులో ధారాళంగా ప్రసంగించే స్థాయికి చేరాడు.

ఎడింబరో ప్రసంగం

1910 జూన్‌లో స్కాట్లాండులోని ఎడింబరోలో ప్రపంచ మిషనరీ మహాసభ జరిగింది. పన్నెండు వందల మందికి పైగా హాజరైన ఆ సభలో ఆసియావాసులు ఇరవై మంది కూడా లేరు. విదేశీ, స్వదేశీ సేవకుల మధ్య సహకారం అనే విషయంపై మాట్లాడమని అజరయ్యను కోరారు. ఈయన మొహమాటం లేకుండా మాట్లాడాడు.

విదేశీ మిషనరీల త్యాగాన్ని, వారు పెట్టిన ప్రాణాలను, ధనాన్ని ఈయన ఆ ప్రసంగంలో తక్కువ చేయలేదు. కానీ ఎన్నో ఏళ్ళుగా ఒకే ఊరిలో పనిచేస్తున్నా తమతోటి భారతీయ సేవకుడిని ఇంటికి భోజనానికి పిలవని దొరలు, అతని ఇంటి గడప తొక్కని దొరలు ఉన్నారని చెప్పాడు. కరచాలనం చేయడానికి కూడా వారు వెనుకాడతారని వివరించాడు. బంగళాలో ఉండే దొరకు, అతని కింద జీతానికి పనిచేసే భారతీయుడికి మధ్య యజమాని - నౌకరు సంబంధం తప్ప మరొకటి లేదన్నాడు. భారతీయులు ఇక కోరుతున్నది దాతలను కాదని, స్నేహితులనని అర్థం వచ్చేలా ప్రసంగం ముగించాడు. సభ కాసేపు నిశ్శబ్దమైపోయింది. భారతదేశంలో పనిచేసి వచ్చిన మిషనరీలలో కొందరికి కోపం వచ్చింది. ఈయన అతిశయోక్తులు చెప్పాడని వారు ఆక్షేపించారు. అయితే ఆ సభలో జరిగిన వందలాది ప్రసంగాలలో నేటికీ ఎక్కువగా గుర్తున్నది ఇదే.

ఈ విమర్శలోని విశేషం ఏమిటంటే, అది దుర్మార్గుల గురించి చేసినది కాదు. మంచి మనసుతో సేవ చేయడానికి వచ్చినవారిలో కూడా వివక్ష ఎలా దాగి ఉంటుందో అది చూపించింది. సేవ పేరుతో జరిగే పనిలో ఎవరు కుర్చీలో కూర్చుంటారు, ఎవరు వరండాలో నిలబడతారు, జీతం ఎవరు నిర్ణయిస్తారు అనే ప్రశ్నలను ఒక భారతీయుడు అంతర్జాతీయ వేదికపై అడగడం ఆ కాలానికి చాలా అరుదు.

బిషప్పు పదవి

మద్రాసు బిషప్పు హెన్రీ వైట్‌హెడ్, ఆయన భార్య ఇసబెల్ ఈయనకు అండగా నిలిచారు. అజరయ్యను బిషప్పు చేయాలన్న వైట్‌హెడ్ ప్రతిపాదనకు రెండు వైపుల నుండి వ్యతిరేకత వచ్చింది. తెల్ల మిషనరీలు ఒక భారతీయుని కింద పనిచేయడం ఎలా కుదురుతుందని యూరోపియనులు కొందరు అభ్యంతరం చెప్పారు. తిరునెల్వేలిలో నాడారేతర క్రైస్తవులు కొందరు, ఒక నాడారు తమకు పెద్దగా రావడాన్ని ఇష్టపడలేదు. జాతి భేదం, కుల భేదం రెండూ ఒకే మనిషికి ఒకేసారి అడ్డుపడిన సందర్భం ఇది.

చివరకు దోర్నకల్ కోసం ఒక చిన్న అధ్యక్ష ఖండాన్ని కొత్తగా ఏర్పాటు చేసారు. ఈ ప్రాంతం బ్రిటిషు ఇండియాకు వెలుపల, నిజాం రాజ్యంలో ఉన్నది కనుక ఆంగ్ల ప్రభుత్వ చట్టాల చిక్కులు కూడా లేకుండా పోయాయి. 1912 డిసెంబరు 29 న కలకత్తాలోని సెయింట్ పాల్ కేథడ్రల్‌లో అజరయ్య బిషప్పుగా అభిషిక్తుడయ్యాడు. తరువాతి దశాబ్దంలో కృష్ణా మండలంలోని పాత మిషన్ క్షేత్రాలు కూడా దోర్నకల్ కిందికి వచ్చాయి. దీనితో అక్కడ పనిచేస్తున్న ఇంగ్లీషు మిషనరీలు ఒక భారతీయుని ఆజ్ఞలకు లోబడవలసి వచ్చింది. ముందుగా భయపడినంత గొడవ ఏమీ జరగలేదు. 1935 నుండి ఆంథొనీ ఇలియట్ అనే ఆంగ్లేయుడు ఈయనకు సహాయ బిషప్పుగా పనిచేసాడు. ఆంగ్ల పాలన ఉన్న రోజుల్లో ప్రభుత్వోద్యోగాలలో ఇటువంటి ఏర్పాటు కనబడటం కష్టం.

అయితే 1945 లో ఈయన మరణించేనాటికి కూడా భారతదేశంలో ఒక ఆంగ్లికన్ అధ్యక్ష ఖండానికి అధిపతిగా ఉన్న భారతీయుడు ఈయన ఒక్కడే. ముప్పై రెండేళ్ళలో రెండవవాడు రాలేదు.

పల్లెలలో పని

దోర్నకల్ అధ్యక్ష ఖండంలోని క్రైస్తవులలో అత్యధికులు మాల, మాదిగ కులాలవారు. దేశముఖుల, పటేళ్ళ, పట్వారీల గ్రామాలలో వీరు వెట్టిచాకిరీ చేసేవారు. ఊరి బావిలో నీరు తోడుకునే హక్కు లేదు. బడిలోకి ప్రవేశం లేదు. జబ్బు చేస్తే నాడి పట్టి చూసే వైద్యుడు లేడు. వైద్యుడు వచ్చినా దూరం నుండే మందు పడవేసి పోయేవాడు. కలరా, మశూచి వంటి అంటువ్యాధులు ముందుగా వాడలనే తుడిచిపెట్టేవి.

అజరయ్య పద్ధతికి ఉపదేశి కేంద్రం. ఉపదేశి అంటే కొద్దిపాటి చదువు, శిక్షణ పొంది మాలపల్లెలోనో మాదిగ గూడెంలోనో కాపురముండే గ్రామ బోధకుడు. పగలు పిల్లలకు చదువు, రాత్రి పెద్దలకు బడి, ప్రార్థన, జాబులు వ్రాసిపెట్టడం, జబ్బు చేసినవారిని ఆసుపత్రికి చేర్చడం, అధికారి దగ్గరకు తోడు వెళ్ళడం ఇవన్నీ ఇతని పనులే. చాలామంది ఉపదేశులు అవే కులాల నుండి వచ్చినవారు. భార్యాభర్తలిద్దరికీ శిక్షణ ఇవ్వడం దోర్నకల్ ప్రత్యేకత. ఉపదేశి భార్య చదువు నేర్చుకోకపోతే ఆ గూడెంలో స్త్రీల దగ్గరకు ఏ మంచి మాటా చేరదని అజరయ్య నమ్మకం. ఈ విషయంలో అన్బు మరియమ్మాళ్ చేసిన కృషి చాలా పెద్దది.

1935 నాటికి ఈ అధ్యక్ష ఖండంలో 250 మంది భారతీయ గురువులు, రెండు వేల మందికి పైగా గ్రామ బోధకులు పనిచేస్తున్నారు. వైద్యశాలలు, సహకార సంఘాలు, ముద్రణాలయాలు కూడా ఏర్పడ్డాయి. 1941 నాటికి క్రైస్తవుల సంఖ్య రెండు లక్షలు దాటింది.

ఈ పని అంతా విదేశీ ధనం మీద ఆధారపడరాదని ఈయన పట్టుబట్టాడు. స్త్రీలు వంటకు బియ్యం కొలిచేటప్పుడు ఒక పిడికెడు వేరే కుండలో వేసి వారం చివర సంఘానికి తెచ్చేవారు. కోతల పండుగకు ధాన్యం, కోళ్ళు, గుమ్మడికాయలు కానుకలుగా వచ్చేవి. కడుపేదల దగ్గర ఇలా వసూలు చేయడం అన్యాయమని కొందరు విమర్శించారు. ఇచ్చే స్థితిలో ఉన్నవాడినే లోకం మనిషిగా చూస్తుందని, ఎప్పుడూ తీసుకునేవాడిగానే ఉంచితే అతని వంగిన నడుము ఎన్నటికీ నిటారు కాదని ఈయన భావన. దానం గురించి ఈయన ఒక పుస్తకమే వ్రాసాడు.

మద్యపానం, చచ్చిన పశువుల మాంసం తినడం, బాల్యవివాహాలు, పెళ్ళిళ్ళలో అప్పుల పాలు కావడం వంటివాటికి వ్యతిరేకంగా గట్టిగా ప్రచారం చేసాడు. ఈ ప్రచారంలో పై కులాల దృష్టిలో మర్యాద సంపాదించాలనే తాపత్రయం కొంత ఉన్నదని ఇప్పటి పాఠకులకు అనిపించవచ్చు. ఆ విమర్శలో నిజం లేకపోలేదు. కానీ గూడేలలో వచ్చిన మార్పును చూసి 1920 ల తరువాత రైతు కులాలవారు కూడా పలు గ్రామాలలో క్రైస్తవంలో చేరారు. మాల, మాదిగలతో ఒకే పంక్తిలో కూర్చోవలసి వస్తుందని తెలిసి కూడా వారు చేరడం గమనించదగినది.

మాల, మాదిగ సమస్య

అజరయ్యకు అన్నిటికంటే కష్టమైన సమస్య బయటివారి నుండి కాక లోపలి నుండి వచ్చింది. మాలలు, మాదిగలు ఇద్దరూ అంటరానివారే అయినా వారి మధ్య కంచం పొత్తు గానీ, మంచం పొత్తు గానీ లేదు. బావులు వేరు, వాడలు వేరు. మాలలు క్రైస్తవులైన ఊరిలో మాదిగలు వేరొక మిషన్‌లో చేరేవారు, లేదా చేరడమే మానేసేవారు. కలిసిన చోట కూడా ప్రభు భోజన సంస్కారంలో ఒకే పాత్ర నుండి త్రాగడానికి నిరాకరించిన సందర్భాలు ఉన్నాయి.

కులాన్ని బట్టి వేరు వేరు దేవాలయాలు, వేరు వేరు ఆరాధనలు ఏర్పాటు చేయడానికి అజరయ్య ఒప్పుకోలేదు. దక్షిణ దేశంలో కొన్ని పాత సంఘాలు కులానికొక వరుస కేటాయించి రాజీపడ్డాయి. దాని ఫలితం ఈయన తమిళదేశంలో చూసే ఉన్నాడు. దోర్నకల్ వసతి పాఠశాలల్లో పిల్లలందరూ కలిసి తిని, కలిసి పడుకొని, తోటపని, వంటపని, ఊడ్చే పని కలిసి చేయాలి. ఏ పనీ ఏ కులానిదీ కాదని చెప్పడానికి ఇంతకంటే తేలిక మార్గం లేదు. గురువుల నియామకంలో కూడా ఒక కులంవారిని మరొక కులం వాడకు పంపేవాడు.

బడిలో కలిసి తిన్న పిల్లలు సెలవులకు ఇంటికి వెళ్ళగానే మళ్ళీ ఎవరి వాడ వారిదే అయ్యేది. కులాంతర వివాహాలు అరుదుగానే జరిగాయి. మాలలు సంఖ్యలోను, చదువులోను ముందుండటం వలన గురువులలో వారే ఎక్కువయ్యారని మాదిగలు బాధపడ్డారు. ఈ తగవు అజరయ్య జీవితకాలంలో తీరలేదు, తరువాత కూడా ఆంధ్ర క్రైస్తవ సంఘాలను వెంటాడింది.

గాంధీ, అంబేద్కర్

1930 లలో అంటరానివారి భవిష్యత్తు దేశంలో ప్రధాన చర్చనీయాంశమైంది. క్రైస్తవులకు ప్రత్యేక నియోజకవర్గాలు ఇవ్వడాన్ని అజరయ్య వ్యతిరేకించాడు. అలా చేస్తే క్రైస్తవులు కూడా మరొక కులంగా మిగిలిపోతారని ఈయన వాదన. ఈ విషయంలో జాతీయవాదులతో ఏకీభవించినా మతమార్పిడి విషయంలో గాంధీతో తీవ్రంగా విభేదించాడు. హరిజనుల సేవను మతమార్పిడితో ముడిపెట్టరాదని, అమాయకులైన పేదలు మంచిచెడ్డలు ఆలోచించి మతం మారుతున్నారనడం నమ్మదగినది కాదని గాంధీ అభిప్రాయం. తనకు ఏది మంచిదో తెలుసుకునే శక్తి పేదవాడికి లేదనడమే అతన్ని తక్కువ చేయడం అని అజరయ్య వైపు జవాబు. ఇద్దరూ అంటరానితనాన్ని నిర్మూలించాలనుకున్నవారే. ఎవరి మాట సరైనదనే విషయంలో చరిత్రకారులు నేటికీ ఏకాభిప్రాయానికి రాలేదు.

1935 అక్టోబరులో తాను హిందువుగా మరణించనని డాక్టర్ అంబేద్కర్ యేవలాలో ప్రకటించిన తరువాత అజరయ్యతో మాట్లాడాడని చెబుతారు. తన ప్రజలు క్రైస్తవులైతే ఎక్కడికి వెళ్ళినా ఒకే సంఘంగా ఉండగలరా, లేక ఊరికొక శాఖగా విడిపోతారా అన్నది అంబేద్కర్ ప్రశ్న. దీనికి సరైన సమాధానం లేక ఈయన సిగ్గుపడ్డాడట. క్రైస్తవ శాఖల ఐక్యత కోసం ఈయన పడిన తపనకు ఇటువంటి ప్రశ్నలే కారణం. 1919 లో తరంగంబాడిలో జరిగిన ఐక్యతా సమావేశంలో ఈయన ముఖ్యపాత్ర వహించాడు. 1927 లో లోజాన్‌లో జరిగిన అంతర్జాతీయ సభలో పాల్గొన్నాడు. ఆ కృషి ఫలితంగా దక్షిణ ఇండియా సంఘం 1947 సెప్టెంబరు 27 న మద్రాసులో ఏర్పడింది. అది చూడటానికి ఈయన లేడు.

దోర్నకల్ కేథడ్రల్

దోర్నకల్‌లోని ఎపిఫనీ కేథడ్రల్ ఈయన చిరకాల స్వప్నం. కట్టడానికి ఇంచుమించు పాతికేళ్ళు పట్టింది. దేవాలయ స్తంభాలను, మసీదు గుమ్మటాలను గుర్తుచేసే ఈ కట్టడం చూడగానే ఇది ఇంగ్లాండులోని చర్చి నమూనా కాదని తెలిసిపోతుంది. 1939 జనవరి 6 న దీని ప్రతిష్ఠ జరిగింది. తెలుగు కీర్తనలు, భజనలు, కోలాటాలు, నాటకాలు అధ్యక్ష ఖండం పండుగలలో భాగమయ్యాయి. అయితే ఆరాధన క్రమంలో మాత్రం ఈయన ఆంగ్లికన్ సంప్రదాయాన్ని వదలలేదు. ఈ విషయంలో ఈయన్ని అర్ధ ఆంగ్లేయుడని ఎత్తిపొడిచినవారు కూడా ఉన్నారు.

మరణం, తరువాత

1945 జనవరి 1 న అజరయ్య దోర్నకల్‌లో మరణించాడు. అక్కడే సమాధి చేసారు. మరుసటి సంవత్సరం కేరల్ గ్రాహం ఈయన జీవిత చరిత్ర వ్రాసింది. 2000 సంవత్సరంలో సూసన్ బిల్లింగ్టన్ హార్పర్ వెలువరించిన పరిశోధన గ్రంథం ఈయన గురించి వచ్చిన వాటిలో సమగ్రమైనది. ఇంగ్లాండు సంఘం పంచాంగంలో జనవరి 2 ఈయన సంస్మరణ దినం.

ఈయన ఎవరి మధ్య పనిచేసాడో ఆ కుటుంబాల తరువాతి చరిత్ర మరొక మలుపు తిరిగింది. 1950 లో వెలువడిన రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం హిందువులు మాత్రమే షెడ్యూల్డు కులాల జాబితాలోకి వస్తారు. 1956 లో సిక్కులను, 1990 లో బౌద్ధులను చేర్చారు గానీ క్రైస్తవులను చేర్చలేదు. ఆంధ్ర ప్రదేశ్, తెలంగాణ రాష్ట్రాలలో షెడ్యూల్డు కులాల నుండి క్రైస్తవులైనవారిని వెనుకబడిన తరగతుల సి-గ్రూపులో పెట్టారు, అందులో వారికి దక్కేది ఒక శాతం రిజర్వేషను. మతం మారినంత మాత్రాన ఊరిలో కులం పోలేదని వారు, కులం లేని మతంలో చేరినవారికి కుల రిజర్వేషను ఎందుకని అవతలివారు వాదిస్తూ వచ్చారు. ఈ విషయాన్ని పరిశీలించడానికి కేంద్ర ప్రభుత్వం 2022 అక్టోబరులో మాజీ ప్రధాన న్యాయమూర్తి కె.జి.బాలకృష్ణన్ అధ్యక్షతన ఒక కమిషన్‌ను నియమించింది.